బిమల్ రాయ్: గొప్పింటి గోడల నడుమ ప్రేమకు దారి వెదకిన దర్శకుడు

గ్రంథాలయమునకును, చలనచిత్రశాలకును వైరము గలదని తలంచువారు నేటికిని లేకపోలేదు. ఒకచోట మనుజుడు దీపము ముందు కూర్చుండి చదువును. మఱియొకచోట దీపములార్పిన పిదప చూచును. ఇంతకుమించి యీ రెంటికిని పొత్తు లేదని వారి యభిప్రాయము. కాని భారతదేశమున చిరకాలము నిలిచిన చిత్రములను నిర్మించిన వారిలో పెక్కురు మొదట మంచి పాఠకులు. పుస్తకమున చదివి కంట తడిపెట్టిన కథనే వారు పదిమందికిని చూపవలెనని తలపోసిరి. అట్టివారిలో ముందుగా చెప్పదగిన పేరు బిమల్ రాయ్. శరత్ బాబు నవలలను హిందీ తెరపైకి తెచ్చి, ధనవంతుల మేడకును పేదవాని గుడిసెకును నడుమ ప్రేమ యెట్లు నలిగిపోవునో, ఎట్లు నిలువదొక్కుకొనునో దేశమునకు చూపిన మహాశయుడాయన. ఆయన జీవితము కూడ మేడలో ప్రారంభమై వీధిన పడి, శ్రమచే మఱల తలయెత్తిన జీవితమే.

జననము, బాల్యము

1909వ సంవత్సరము జూలై నెల 12వ తేదీన తూర్పు బెంగాలునందు ఢాకా జిల్లా సువాపూర్ గ్రామమున ఒక జమీందారీ కుటుంబమున బిమల్ రాయ్ జన్మించెను. ఆ ప్రాంతము నేడు బంగ్లాదేశమున నున్నది. ఏఱులు, వరిచేలు, పడవలు, చెఱువుగట్లు గల పల్లెసీమ యది. వర్షాకాలమున ఒక యింటినుండి మఱియొక యింటికి పడవపై పోవలసిన దేశము. తరువాతి కాలమున ఆయన చిత్రములలో మాటిమాటికి కనబడు నదీతీరములు, పల్లకీలు, చెట్లనీడలు ఈ బాల్యపు దృశ్యములను తలపించును.

ఆ యింటి భాగ్యము చిరకాలము నిలువలేదు. తండ్రి మరణించిన పిమ్మట ఎస్టేటు వ్యవహారములు చూచు ఉద్యోగి మోసముచే కుటుంబము ఆస్తిని పోగొట్టుకొనెను. నిన్నటివరకు పదిమందికి అన్నము పెట్టిన యిల్లాలు, ఎదుగుచున్న బిడ్డలను వెంటగొని కలకత్తా నగరమునకు చేరవలసి వచ్చెను. జమీందారు కుమారుడై పుట్టినవాడు అద్దెయింటి యువకుడయ్యెను. ఉన్నవారి యింట లేనివారిని ఎట్లు చూతురో ఆయన యెఱుగును. లేనివాడై యున్నవారి గుమ్మము ముందు నిలుచుట యెట్టిదో కూడ నేర్చుకొనెను. రెండు వైపులను చూచిన కన్నులగుటచేతనే ఆయన చిత్రములలో ధనికుడు వట్టి రాక్షసుడుగను, పేదవాడు వట్టి దేవుడుగను సాధారణముగా కనబడరు. ఇద్దఱును మనుష్యులే, నడుమనున్న గోడ మాత్రమే క్రూరమైనది.

ఛాయాగ్రాహకుడుగా

కలకత్తాలో 1931లో బీరేంద్రనాథ సర్కారు స్థాపించిన న్యూ థియేటర్స్ సంస్థ ఆనాటికి దేశమున పేరెన్నికగన్న చిత్రనిర్మాణ సంస్థ. ఏనుగు బొమ్మ దాని ముద్ర. సాహిత్యముపై గౌరవము, సంగీతముపై ప్రీతి గల ఆ సంస్థలో ఛాయాగ్రహణ శాఖకు నితిన్ బోసు పెద్ద. ఆయన యొద్ద సహాయకుడుగా బిమల్ రాయ్ చేరెను. నిశ్చల చిత్రములు తీయుటలో ఆయనకు ముందే నేర్పు గలదు. వెలుతురును ఎంత పోయవలెనో, నీడను ఎంత మిగుల్పవలెనో తెలిసికొనుటలో ఆయన యౌవనము గడచెను.

ఆ కాలమున న్యూ థియేటర్స్‌లో ప్రమథేశ బారువా అను దర్శకుడుండెను. అస్సాము ప్రాంతపు గౌరీపూర్ జమీందారు కుమారుడాయన. శరత్ చంద్ర ఛటోపాధ్యాయుడు వ్రాసిన దేవదాసు నవల 1917లో ప్రకటితమైనది. బారువా దానిని 1935లో చిత్రముగా నిర్మించెను. వంగభాషలో తానే దేవదాసు పాత్ర ధరించెను. హిందీలో కుందన్‌లాల్ సైగల్ చేత ధరింపజేసెను. హిందీ దేవదాసునకు ఛాయాగ్రాహకుడు బిమల్ రాయ్. సైగల్ గానము దేశమంతట మ్రోగినది. మద్యపానముచే కృశించి, ప్రియురాలి గుమ్మము ముందు ప్రాణము విడిచిన జమీందారు కుమారుని కథ యువకుల హృదయములను కలచివేసెను. కెమెరా వెనుక నిలిచి ఆ కథను చూచిన ఇరువదియారేండ్ల యువకుడు దానిని మఱువలేదు. ఇరువది సంవత్సరముల పిమ్మట తానే దర్శకుడై ఆ కథను మఱల చెప్పువఱకు అది ఆయన మనస్సున నుండెను. బారువా దర్శకత్వమున వచ్చిన ముక్తి మున్నగు చిత్రములకు కూడ ఆయనయే ఛాయాగ్రాహకుడు.

మొదటి దర్శకత్వము

1943లో బెంగాలును ఘోరమైన క్షామము పీడించెను. లక్షలాది జనులు ఆకలిచే మరణించిరి. కలకత్తా వీధులలో గంజినీళ్ళకై చేతులు చాచిన పల్లెప్రజలను నగరవాసులు కన్నులార చూచిరి. ఒకవైపు ధాన్యము నిలువచేసినవారు ధనికులైరి. మఱియొకవైపు ధాన్యము పండించినవారు నశించిరి. ఆ మఱుసటి సంవత్సరము, 1944లో, బిమల్ రాయ్ దర్శకుడుగా తన మొదటి వంగచిత్రము ఉదయేర్ పథే నిర్మించెను. దానికి కథ వ్రాసినవాడు జ్యోతిర్మయ రాయ్.

ఆ కథ యిట్టిది. అనూప్ పేద రచయిత. పొట్టకూటికై ఒక కోటీశ్వరుని యొద్ద ఉపన్యాసములు వ్రాసిపెట్టు కొలువున చేరును. ఆ కోటీశ్వరుని చెల్లెలు గోప. అనూప్ చెల్లెలు స్నేహితురాలి పిలుపున ఆ యింటికి పోగా, పేదపిల్లయను కారణమున దొంగతనము అంటగట్టి అవమానింతురు. ఆపైన కోటీశ్వరుడు అనూప్ వ్రాసిన గ్రంథమును తన పేర ప్రకటించుకొని కీర్తిని గూడ అపహరించును. ధనవంతుడు పేదవాని శ్రమనే కాక అతని యక్షరమును సైతము దోచుకొనగలడని ఈ చిత్రము చెప్పినది. కాలక్రమమున గోప నిజమును గ్రహించి అన్నగారి భవనమును విడిచి, శ్రామికుల పక్షమున నిలిచిన అనూప్‌తో కలిసి నడచిపోవును. పేదవాడు ధనికుడై కన్యను వరించుట పూర్వపు కథల పరిపాటి. ఇందు ధనికురాలే మేడ దిగి వచ్చినది. ఆనాటి ప్రేక్షకులకు ఇది క్రొత్త.

ఈ చిత్రము కలకత్తాలో విజయవంతముగా ప్రదర్శితమైనది. 1945లో హమ్‌రాహీ యను పేర హిందీలో వెలువడినది. రవీంద్రుని జనగణమన గీతము ఇందు వినబడుట ఒక విశేషము. అది జాతీయగీతముగా 1950 జనవరి 24వ తేదీన స్వీకరింపబడుటకు ఐదేండ్లకు పూర్వపు మాట యిది. ఆ గీతమునకు రవీంద్రుడు 1919లో మదనపల్లెయందు ఆంగ్లానువాదము చేసినందున తెలుగువారికి దానితో ప్రత్యేకమైన బాంధవ్యము గలదు.

కలకత్తా నుండి బొంబాయికి

1947లో దేశవిభజన జరిగెను. బిమల్ రాయ్ పుట్టిన సువాపూర్ పరదేశమైపోయెను. వంగచిత్రములను చూచు ప్రేక్షకులలో పెద్దభాగము సరిహద్దు కావల మిగిలిపోవుటచే కలకత్తా చిత్రపరిశ్రమ క్షీణింపసాగెను. న్యూ థియేటర్స్ వంటి మహాసంస్థయే అప్పులలో మునిగెను. నటులు, రచయితలు, సాంకేతిక నిపుణులు పని లేక దిక్కులు చూచుచుండిరి. అట్టి సమయమున బొంబాయి టాకీస్ వారి నుండి పిలుపు రాగా బిమల్ రాయ్ బొంబాయి చేరెను. ఆయనతోపాటు కూర్పరి హృషీకేశ్ ముఖర్జీ, రచయిత నబేందు ఘోష్, అసిత్ సేన్, నటుడు నజీర్ హుస్సేన్ మున్నగు మిత్రబృందము కూడ పయనమయ్యెను. తనవారిని వెంటనిడుకొని పోవుట ఆయన స్వభావము. ఆ సంస్థకు ఆయన తీసిన మా చిత్రము 1952లో వెలువడినది. కాని బొంబాయి టాకీస్ కూడ అప్పటికే శిథిలావస్థలో నుండెను.

అదే 1952వ సంవత్సరము జనవరిలో భారతదేశపు మొదటి అంతర్జాతీయ చలనచిత్రోత్సవము బొంబాయిలో ప్రారంభమయ్యెను. ఇటలీ దేశమునుండి వచ్చిన బైసికిల్ థీవ్స్ చిత్రము బిమల్ రాయ్‌ని, ఆయన మిత్రులను కదలించెను. భవనముల సెట్టింగులు, నగలు, నాట్యములు లేకుండ నిజమైన వీధులలో నిజమైన మనుష్యుల కష్టము చూపినచో అదియే చాలునని వారికి ధైర్యము కలిగెను. ఆ ధైర్యమునుండి బిమల్ రాయ్ ప్రొడక్షన్స్ సంస్థయు, దో బీఘా జమీన్ చిత్రమును ఉద్భవించినవి.

రెండు బీఘాల నేల

1953లో వెలువడిన ఈ చిత్రమునకు కథను సలిల్ చౌదరి వ్రాసెను. సంగీతము కూడ ఆయనదే. రవీంద్రుని కవితయొకటి దీనికి పేరు నిచ్చినది. శంభు అను రైతునకు రెండు బీఘాల పొలమే ఆధారము. మిల్లు కట్టింపదలచిన జమీందారు ఆ నేలను కోరును. శంభు ఇయ్యననును. తాను తీర్పవలసిన బాకీ 65 రూపాయలని అతడు తలంచును. జమీందారు లెక్కలో అది 235 రూపాయలుగా మాఱును. న్యాయస్థానము మూడు మాసముల గడువిచ్చును. చదువు రాని రైతు కలకత్తా చేరి రిక్షా లాగును; వాని చిన్న కుమారుడు జోళ్ళకు పాలిషు పట్టును. ఇంతచేసియు నేల దక్కదు. తన పొలమునుండి పిడికెడు మట్టి తీసికొనబోగా అదియు దొంగతనముగా ఎంచబడును. దొంగలెక్కలచే ఆస్తి పోగొట్టుకొన్న కుటుంబమున పెరిగిన దర్శకుడు ఈ కథను చిత్రించినాడన్న సంగతి పాఠకులు గమనింపదగినది.

శంభు పాత్ర ధరించిన బల్‌రాజ్ సహనీ విద్యాధికుడు. ఆయన ఆ పాత్రకై కలకత్తా వీధులలో స్వయముగా రిక్షా లాగి అభ్యసించెను. దేశమున జమీందారీ విధానము రద్దగుచున్న రోజులవి. మద్రాసు రాష్ట్రమున 1948లోనే తత్సంబంధమైన చట్టము వచ్చియుండెను. కావున ఈ కథ ఆనాటి రైతులకు తమ యింటి కథగనే తోచినది. ఈ చిత్రము మొదటి జాతీయ చలనచిత్ర పురస్కారములలో అఖిలభారత యోగ్యతాపత్రమును, 1954లో కాన్ చలనచిత్రోత్సవమున అంతర్జాతీయ బహుమానమును పొందెను. ఫిల్మ్‌ఫేర్ బహుమానములు ఆరంభమైన తొలియేట ఉత్తమ చిత్రముగను, ఉత్తమ దర్శకత్వమునకును ఇదియే ఎన్నికయ్యెను.

శరత్ బాబు కథలు

ఆ 1953లోనే అశోక్ కుమార్ నిర్మాణమున శరత్ నవల పరిణీత ఆయన దర్శకత్వమున వెలువడినది. ప్రక్కప్రక్కనే రెండిండ్లు, ఒకటి సంపన్నునిది, రెండవది అప్పులపాలైనది. పేదయింట మేనమామ నీడలో పెరిగిన లలితకును, సంపన్నుని కుమారుడైన శేఖరునకును గల ప్రేమయే ఆ కథ. లలితగా మీనాకుమారి, శేఖరునిగా అశోక్ కుమార్ నటించిరి. 1954లో బిరాజ్ బహూ వచ్చినది. వరుసగా మూడు చిత్రములకును బిమల్ రాయ్ ఉత్తమ దర్శకుడుగా ఫిల్మ్‌ఫేర్ బహుమానము లందుకొనెను.

శరత్ బాబు రచనలు తెలుగువారికి పరాయివి కావు. చక్రపాణి మున్నగువారి యనువాదముల మూలమున ఆంధ్రదేశపు గ్రంథాలయములందు శరత్ నవలలు చేతులు మారుచు అట్టలు నలిగిపోవునంతగా చదువబడినవి. శరత్ వంగీయుడన్న మాటయే మఱచి ఆయనను తెలుగు రచయితగా భావించిన పాఠకులు కూడ నుండిరి. 1953లో వేదాంతం రాఘవయ్య దర్శకత్వమున, అక్కినేని నాగేశ్వరరావు, సావిత్రి నటించిన తెలుగు దేవదాసు ప్రజలను పరవశులను గావించెను. అది వచ్చిన రెండేండ్లకు, 1955లో, బిమల్ రాయ్ హిందీ దేవదాసు వెలువడినది.

ఇందు దేవదాసుగా దిలీప్ కుమార్, పార్వతిగా సుచిత్రా సేన్, చంద్రముఖిగా వైజయంతిమాల, చున్నీబాబుగా మోతీలాల్ నటించిరి. సంగీతము సచిన్ దేవ్ బర్మన్. గీతములు సాహిర్ లూధియాన్వీ. సంభాషణలు రాజేందర్ సింగ్ బేదీ. ఛాయాగ్రహణము కమల్ బోసు. బారువాకును, సైగల్‌కును ఈ చిత్రము అంకితము. తాను ఒకప్పుడు శిష్యుడుగా సేవించిన చిత్రమును మఱల నిర్మించునపుడు గురువులను స్మరించుట బిమల్ రాయ్ వినయమునకు నిదర్శనము.

దేవదాసు కథయందలి విషాదమునకు మూలము త్రాగుడు కాదు, పిఱికితనము. పార్వతి కుటుంబము జమీందారుల యింటికి పొరుగిల్లే. కాని కులమర్యాదలో ఒక మెట్టు దిగువ, సంపదలో పదిమెట్లు దిగువ. వియ్యమందుటకు జమీందారులు అంగీకరింపరు. అపవాదునకు వెఱవక రాత్రివేళ వచ్చి తన చేయి పట్టుకొమ్మని యడిగిన పార్వతిని, తలిదండ్రుల మాటకు భయపడిన దేవదాసు విడిచి పోవును. తప్పు తెలిసికొని తిరిగివచ్చునప్పటికి కాలము మించిపోవును. పార్వతి వయస్సు మీఱిన మఱియొక జమీందారునకు రెండవ భార్యగా పోవును. పేదయింటి పిల్లకున్న సాహసము గొప్పయింటి పిల్లవానికి లేకపోయెను. ఈ సత్యమును బిమల్ రాయ్ ఆర్భాటము లేకుండ చూపెను.

ఆ చిత్రమున ఒక దృశ్యము ప్రసిద్ధము. దేవదాసు నెఱిగిన ఇద్దఱు స్త్రీలు, జమీందారు భార్యయైన పార్వతి పల్లకీలోను, వేశ్యావృత్తి విడిచిన చంద్రముఖి కాలినడకనను, ఒక దారిలో ఎదురుపడుదురు. ఒకరినొకరు ఎఱుగరు. ఒక్క మాటయైన లేకుండ చూపులు కలిసి విడిపోవును. వాద్యసంగీతము మాత్రమే వినబడును. ఇద్దఱి దుఃఖమొక్కటే, కాని లోకము ఒకరిని పల్లకీ యెక్కించి, మఱియొకరిని మట్టిలో నడిపించెను. ఉపన్యాసములు చెప్పలేని సంగతిని ఆ చిన్న దృశ్యము చెప్పినది. చంద్రముఖి పాత్రకు సహాయనటి బహుమానము ప్రకటింపగా, తనది పార్వతితో సమానమైన పాత్రయని వైజయంతిమాల దానిని స్వీకరింపలేదు.

సంస్థకు వచ్చిన గండము

కీర్తి వచ్చినను దేవదాసు ఆశించిన ధనము తేలేదు. బిమల్ రాయ్ ప్రొడక్షన్స్ మనుగడయే సందేహాస్పదమయ్యెను. అప్పుడు ఋత్విక్ ఘటక్ చెప్పిన పునర్జన్మ కథను ఆయన చేపట్టెను. అదియే 1958లో వెలువడిన మధుమతి. కొండప్రాంతమున కలప ఎస్టేటునకు మేనేజరుగా వచ్చిన ఆనంద్, కొండజాతి కన్యయైన మధుమతిని ప్రేమించును. ఎస్టేటు యజమానియగు రాజా ఉగ్రనారాయణుడు ఆమెను చెఱపట్టజూచును. ఆమె ప్రాణములు కోల్పోవును. ఒక జన్మలో అధికారము విడదీసిన ప్రేమ మఱియొక జన్మలో కలియును. పాడువడిన భవనము, వర్షపు రాత్రి, గాలికి ఊగు దీపము, ఎచటినుండియో వినవచ్చు పాట, వీనితో నిండిన ఆ చిత్రము చూచినవారు గడచిన కాలముపై ఒక విధమైన బెంగతో ఇల్లు చేరుదురు.

ఆ చిత్రనిర్మాణమున కష్టములు పెక్కు కలిగెను. నైనీతాల్ ప్రాంతమున తీసిన ఫిలిములో అధికభాగము మసకబాఱి పనికిరాకపోయెను. మఱల అంతదూరము పోవుటకు శక్తి లేక, బొంబాయికి చేరువనున్న ఇగత్‌పురి ప్రాంతమున కృత్రిమమైన దేవదారు వృక్షములు నిలిపి ఆ దృశ్యములను తిరిగి తీసిరి. వ్యయము అంచనాకు మించి పోయెను. అప్పుడు బిమల్ రాయ్ పంపిణీదారులను పిలిచి ఉన్న పరిస్థితి దాచక చెప్పి, దర్శకుడుగా తనకు రావలసిన 70,000 రూపాయల పారితోషికమును వదులుకొనుచున్నానని తెలిపెను. ఆయన సత్యసంధతకు కరగిన పంపిణీదారులు తలకొంత సాయపడిరి. దొంగలెక్క వలన చిన్ననాట సర్వము కోల్పోయినవాడు పెద్దవాడై లెక్కను తెఱచి చూపుట వలన నిలబడెను. మధుమతి అఖండ విజయము పొందెను. తొమ్మిది ఫిల్మ్‌ఫేర్ బహుమానములు దానికి లభించినవి. 1995లో వెలువడిన మఱియొక చిత్రము దానిని మించువఱకు, ముప్పదియేండ్లకు పైగా ఆ సంఖ్యను వేరొకటి దాటలేదు. హిందీ ఉత్తమచిత్రముగా రాష్ట్రపతి రజతపతకము కూడ దీనికే వచ్చెను.

సుజాత

ధనము వచ్చినది గదా యని ఆయన తేలికబాట పట్టలేదు. మఱుసటి యేట, 1959లో, సుబోధ్ ఘోష్ కథ నాధారముగా గొని సుజాత నిర్మించెను. రాజ్యాంగము 1950లోనే అస్పృశ్యతను రద్దుచేసెను. 1955లో దానిని నేరముగా ఎంచు చట్టము వచ్చెను. అయినను ఇండ్లలో, బావులయొద్ద, పెండ్లిమాటలలో అది నిలిచియే యుండెను. బిమల్ రాయ్ ఆ కథను వీధిలో చెప్పక నడింటిలో చెప్పెను.

కలరాచే మరణించిన హరిజన కూలీల పసికందును ఉపేంద్రబాబు అను బ్రాహ్మణ ఇంజనీరు ఇంట పెంతురు. పిల్లకు అన్నవస్త్రములకు లోపము లేదు. ఆదరము కూడ గలదు. కాని ఆ యింటి యిల్లాలు ఆమెను కూతురని చెప్పదు. కూతురు వంటిదని మాత్రమే చెప్పును. ఆ ‘వంటిది’ యను మాటలోనే సుజాత బాధయంతయు ఇమిడియున్నది. సొంత కూతురు రమకు పెండ్లికొడుకుగా తలంచిన అధీరుడను బ్రాహ్మణ యువకుడు సుజాతను ప్రేమించును. రవీంద్రుని చండాలిక నృత్యనాటిక ఈ చిత్రమున వచ్చును. అవమానభారముచే నదిలో పడి చావబోయిన సుజాత, గాంధీ స్మారకమును చూచి ధైర్యము తెచ్చుకొని మఱలివచ్చును. తుదకు తల్లి ప్రాణాపాయమున నుండగా సుజాత రక్తమే ఆమెకు సరిపోవును. అప్పుడు ఆ తల్లి కన్నులు తెఱచుకొనును.

సుజాతగా నూతన్, అధీరునిగా సునీల్ దత్ నటించిరి. నాయకుడు దూరవాణిలో పాడగా నాయిక మౌనముగా విని కన్నీరు కార్చు ఘట్టమును ప్రేక్షకులు మఱువలేదు. ఈ చిత్రముపై ఒక విమర్శ కలదు. రక్తము ధారవోసిన పిమ్మట గాని సుజాతను కూతురుగా అంగీకరింపకపోవుట న్యాయమా యనియు, త్యాగము చేయకపోయినచో ఆమె మనిషి కాకపోవునా యనియు ఆలోచనాపరులు ప్రశ్నించుదురు. ఆ ప్రశ్న సమంజసమైనదే. నిమ్న వర్గములవారే తమ కథను తాము చెప్పుకొనుచున్న నేటి కాలమున అది మఱింత బలముగా వినబడును. అయినను ఆనాటి మధ్యతరగతి గృహిణి తన యింటిలోనే ఆ మాట కెదురుపడి తలవంచునట్లు చేసినది ఈ చిత్రమను సంగతి కూడ సత్యమే. సుజాత 1960లో కాన్ ఉత్సవమున ప్రదర్శితమైనది.

తుది దినములు

1960లో గ్రామపు ఎన్నికలపై వ్యంగ్యముగా పరఖ్, 1963లో బందినీ వెలువడినవి. బందినీలో నూతన్ కారాగారవాసియైన కల్యాణి. చదువు, పదవి, మంచిమనస్సు గల వైద్యుడు ఆమెను పెండ్లాడ గోరును. కాని ఆమె తుదకు వ్యాధిగ్రస్తుడైన పూర్వ ప్రియుని వెంట పోవుటకే నిశ్చయించుకొనును. సుఖమునకును, హృదయమునకును నడుమ స్త్రీయే నిర్ణయము చేయుట ఇందలి విశేషము. గుల్జార్ అను యువకవి ఈ చిత్రమునకు గీతము వ్రాసెను. ఉత్తమ దర్శకుడుగా బిమల్ రాయ్ ఏడుమాఱులు ఫిల్మ్‌ఫేర్ బహుమానము పొందెను. ఇతరుల దర్శకత్వమున ఆయన నిర్మించిన చిత్రములలో రవీంద్రుని కథయైన కాబూలీవాలా 1961లో వచ్చినది.

ఆయన మితభాషి. చిత్రీకరణ స్థలమున కేకలు, కోపతాపములు ఆయన యెఱుగడు. తెల్లని దుస్తులు, చేత వెలుగు సిగరెట్టు, ఎప్పుడును ఏదో ఆలోచించుచున్న ముఖము, ఇదియే మిత్రులు ఎఱిగిన రూపము. ఆయన భార్య మనోబినా రాయ్ కూడ నిపుణురాలైన ఛాయాచిత్రకారిణి. ఆయన యొద్ద పనిచేసిన హృషీకేశ్ ముఖర్జీ, గుల్జార్ అనంతరకాలమున స్వయముగా ప్రసిద్ధ దర్శకులైరి. చెట్టు పడిపోయినను నీడ మిగిలినట్లు గురువు మార్గము శిష్యులలో నిలిచినది.

సమరేశ్ బసు వ్రాసిన అమృతకుంభేర్ సంధానే యను గ్రంథమును చిత్రముగా తీయవలెనని ఆయన కోరిక. కుంభమేళాకు పోవు అనేక రకముల మనుష్యుల కథ యది. ఆ పని కొంత సాగినది. కాని క్యాన్సరు వ్యాధి ఆయనను పట్టుకొనెను. 1966వ సంవత్సరము జనవరి నెలలో ఏబదియాఱవ యేట బొంబాయిలో ఆయన దివంగతుడయ్యెను. ఆ చిత్రము పూర్తికాకయే నిలిచిపోయెను. 2007లో భారత తపాలాశాఖ ఆయన స్మృత్యర్థము తపాలాబిళ్ళను వెలువరించెను.

బిమల్ రాయ్ సృష్టించిన ప్రేమికులను వరుసగా నిలిపి చూచినచో ఒక సంగతి స్పష్టమగును. గోప మేడ దిగివచ్చి ప్రేమను గెలుచుకొనెను. దేవదాసు గడప దాటలేక తానును నశించి పార్వతి జీవితమును గూడ ఎండజేసెను. అధీరుడు గడప దాటి సుజాత చేయి పట్టుకొనెను. గోడను కట్టినది లోకమే యైనను, దానిని దాటుటయో, దాటకుండుటయో మనుష్యుని చేతిలోనే యున్నదని ఈ కథలు తెలుపుచున్నవి. చలనచిత్రము రెండున్నర గంటలలో ముగియును, దీపములు వెలుగును, జనులు ఇండ్లకు పోవుదురు. కాని ఆ కథలు పుట్టిన పుస్తకములు గ్రంథాలయముల అలమారలలో నున్నవి. కూలివాని కుమారుడును, కామందు కుమారుడును ఒకే బల్లపై కూర్చుండి ఒకే పుస్తకమునకై వేచియుండు చోటు పల్లెలో గ్రంథాలయము. ఆ బల్లయొద్ద కూర్చుండి శరత్ నవల చదువు ప్రతి పాఠకునకును బిమల్ రాయ్ జీవితము స్మరణీయము.